ఇంటిపేరు లేని పర్మిట్

ఈ రోజు మధ్యాహ్నం భోజనాల గదిలో కూర్చుని ఒక స్త్రీ వర్క్ పర్మిట్ మీద ఉన్న కోడ్‌ను పైకి చదివాను. పదిమంది విన్నారు. దానికి కాసేపటి ముందే, ఆ పర్మిట్ నకిలీదేమోనని పై అంతస్తులో చెప్పి ఆమెను ఇంటికి పంపించేలా చేశాను. రెండూ నా నోటితో చేసిన పనులే. ఎవరూ బలవంతపెట్టలేదు. ఎవరూ అడగను కూడా లేదు. జరిగింది జరిగినట్టు రాస్తే తప్ప నేను మళ్ళీ ఏదో ఒక సాకు వెతుక్కుంటానని నా మీద నాకే అనుమానం. అందుకే ఈ రాత.

మాది బ్రాంప్టన్‌కి గంట దూరంలో ఉన్న కేంబ్రిడ్జ్‌లో కుళాయి సామాన్లు ప్యాక్ చేసే వేర్‌హౌస్. ఒక కుళాయి బిగించడానికి కావలసిన మరలు, వాషర్లు, రబ్బరు రింగులు లెక్కగా ఒక సంచిలో వేసి సీలు వేస్తే దాన్ని కిట్ అంటాం. పొద్దున ఏడు నుంచి మూడున్నర దాకా నడిచే షిఫ్ట్‌కి నేను లీడ్‌ని, అంటే పని పంచి చూసుకునేవాణ్ణి. లైన్ మీద ఇరవైమంది దాకా ఉంటారు. వాళ్ళలో ఆమె ఒకరు. నలభైకి దగ్గరపడిన మనిషి, కరీంనగర్ వైపు. అంతకుముందు ఈ దేశం పడమటి చివరనున్న సర్రీలో ఒక మిఠాయి కొట్టు వంటింట్లో పనిచేసిందట. అంత దూరం నుంచి ఒంటరిగా ఇటెందుకు వచ్చిందో ఎవరికీ చెప్పలేదు. నన్ను అన్నా అనేది. పనిలో తలెత్తేది కాదు.

ఈ ఉద్యోగం ఆమెకు ఎందుకంత అవసరమో నాకు తెలుసు. తెలియక చేశానని చెప్పుకునే వీలు లేదు. ఆమె పర్మిట్ ఇంకో ఐదు నెలల్లో అయిపోతుంది. అదే రకం పర్మిట్ మళ్ళీ వస్తుందన్న నమ్మకం లేదని ఆమే చెప్పింది. ఈ శుక్రవారంతో మూడు నెలల ప్రొబేషన్ పూర్తయితే, కంపెనీయే తన తరఫున కొత్త పర్మిట్‌కి కాగితాలు పెడతామని మాట ఇచ్చింది. ప్రొబేషన్ లోపల ఏ మచ్చ పడినా కారణం కూడా చెప్పకుండా వద్దనవచ్చు. పోయిన వారం టీ బ్రేక్‌లో ఆమె అన్న మాట ఇది: "ఈ శుక్రారం ఒక్కటి దాటితే చాలన్నా. జర ఊపిరి పీల్చుకుంట."

ఆ మాట విన్నది నేనే. ఆ శుక్రవారానికి మూడు రోజుల ముందు అడ్డుపడ్డదీ నేనే.

నా గురించి కొంత చెప్పాలి. మా వాళ్ళలో నాకు "పర్మిట్ డాక్టర్" అని పేరు. ఆ పేరు పెట్టింది మా ఫోర్క్‌లిఫ్ట్ నడిపే కడప ఆయన. వెక్కిరింపుగానే పెట్టాడు, నేను మాత్రం బిరుదులాగా మోశాను. అందరూ కార్డు అంటారు గానీ నిజానికి వర్క్ పర్మిట్ ఒక పొడుగాటి కాగితం. కొత్తగా వచ్చినవాళ్ళకి అది చేతిలో పడగానే అనుమానం మొదలవుతుంది. ఇందులో ఏ నంబరు ఏమిటి, ఏది ఎవరికి చెప్పవచ్చు, ఏది చెప్తే కొంప మునుగుతుంది అని. దాన్ని ఫోటో తీసి నాకు పంపేవాళ్ళు. కొందరు ఫోటోలో కూడా ఒక మూల బొటనవేలు అడ్డం పెట్టేవాళ్ళు. నేను పాఠం చెప్పేవాణ్ణి. పై మూలనున్నది ఆ కాగితం నంబరు, పర్మిట్ మారినప్పుడల్లా మారుతుంది. డబ్ల్యూతో మొదలయ్యేది అప్లికేషన్ నంబరు. యూసీఐ అన్నది మనిషి నంబరు, ఈ దేశం కాగితాల్లో చచ్చేదాకా మనతోనే ఉంటుంది. తేదీలో సంవత్సరం ముందు, రోజు చివర. సోషల్ ఇన్సూరెన్స్ నంబరు తొమ్మిదితో మొదలైతే మనం తాత్కాలికం అని అర్థం. యజమాని అన్నచోట కంపెనీ పేరుంటే అక్కడే పని చెయ్యాలి, ఓపెన్ అని ఉంటే ఎక్కడైనా చేసుకోవచ్చు. అడుగున వరుస నంబర్లతో ఉండేవి షరతులు. వాటిని చదవకుండా సంతకం పెట్టిన బ్యాంకు కాగితంలా మడిచి పెట్టుకోవద్దు.

ఇవన్నీ నిజాలే. వాటితో పాటు ఒక అలవాటు కూడా పట్టుకుంది. కాగితం చూడగానే ముందు దానిలో దొంగతనం వెతకడం. రెండేళ్ళ కిందట మా షిఫ్ట్‌లో ఒకతను తేదీ దిద్దిన పర్మిట్‌తో నాలుగు నెలలు పనిచేశాడు. అతన్ని మంచివాడని పై అంతస్తులో చెప్పింది నేనే. అది బయటపడ్డాక నన్నెవరూ ఏమీ అనలేదు, కానీ నేను మాత్రం ఆ రోజు నుంచి ప్రతి కాగితాన్నీ వెలుతురుకి ఎత్తి చూడడం మొదలుపెట్టాను. దాన్ని జాగ్రత్త అనుకున్నాను. మనుషుల మొహాలు చూసే ముందే వాళ్ళ కాగితం అంచులు చూసేవాణ్ణి.

ఈ ఏడాది గడువు ముగిసే పర్మిట్ల కాపీలు తీసుకోమని ఈ పొద్దున హెచ్‌ఆర్ మేనేజర్ లీడ్‌లందరికీ చెప్పింది. ఆవిడ బ్రాంప్టన్‌లో పెరిగిన పంజాబీ ఆవిడ, పనిలో నిక్కచ్చి మనిషి. ఆవిడ చెప్పిన పని చిన్నది. కాపీ తీసుకో, కవర్లో పెట్టు, పైకి పంపు. చదవమని ఎక్కడా లేదు.

నేను చదివాను. ఆరు కాపీలు వచ్చాయి. ఐదు నాకు తెలిసినవే. ఆరోది ఆమెది.

ఇంటిపేరు ఉండాల్సిన వరుసలో ఆమె సొంత పేరుంది. సొంత పేరుండాల్సిన వరుసలో ఒక నక్షత్రం గుర్తు తప్ప ఏమీ లేదు. దొంగ కాగితం చేసినవాడెవడో వరుసలు తారుమారు చేశాడని నా బుర్రకు తట్టింది. యజమాని అన్నచోట ఓపెన్ అని ఉంది. సర్రీ మిఠాయి కొట్టువాళ్ళే పర్మిట్ ఇప్పించి రప్పించారని ఆమె ఒకసారి అన్నది నాకు గుర్తుంది. అంటే ఆ కొట్టు పేరుండాలి కదా? పర్మిట్ ఏ కారణం మీద ఇచ్చారో చెప్పే మినహాయింపు కోడ్ అన్నచోట ఒక అక్షరం, రెండంకెలు ఉన్నాయి. ఆ కోడ్‌ని నేను జన్మలో చూడలేదు. దాన్ని ఇక్కడ రాయను. ఒకసారి చదివిన పాపమే చాలు.

నేను చూడని కోడ్ ఉండదని నా నమ్మకం. మూడు అనుమానాలు ఒకచోట చేరితే రుజువు అయిపోయిందనుకున్నాను.

తొమ్మిదిన్నర బ్రేక్ ముందు ఆమె బల్ల దగ్గరికి వెళ్ళాను. పక్కన ఇద్దరు పనిచేస్తున్నారు.

"ఏమ్మా, మీ ఇంటిపేరేంటి?"

ఆమె చేతిలో సంచి ఆగిపోయింది. "ఎందుకన్నా?"

"కాగితం మీద లేదు. అందుకని."

"పాస్‌పోర్ట్ల గూడ లేదు. నాకు ఒకటే పేరు. ఆడ లేదని ఈడ గిట్ల వేసిన్రు."

"పాస్‌పోర్టులో లేకపోతే పోయె. అసలంటూ ఒకటి ఉంటుందిగా?"

"ఉంటది. ఎవలికుండదు?" సంచికి సీలు వేసింది. "అది చెప్తే మీకేం తెలుస్తది?"

నేను కాగితం ఇంకోసారి చూశాను. ఆమే అంది, గొంతు పెంచకుండా: "మూడు నెల్ల సంది అడుగుతనే ఉన్నరు కదన్నా. ముందుగాల ఊరేది అంటిరి. తర్వాత ఊర్ల ఏ వాడ అంటిరి. మా నాయిన ఏం పని చేసేటోడు అంటిరి. ఇగ ఇయ్యాల ఇంటిపేరు."

తెలుగువాళ్ళకి ఈ ప్రశ్న సంగతి విడమరచి చెప్పనక్కర్లేదు. సముద్రాలు దాటి వచ్చినా మనం కులం ఏమిటని మొహం మీద అడగం. ఇంటిపేరు అడుగుతాం. అది తేలకపోతే ఊరు, ఊరు తేలితే వీధి. పాస్‌పోర్టు తీసుకునేటప్పుడు ఇంటిపేరు రాయించుకోనివాళ్ళు మనలో ఎంతమంది! కొందరు మరిచిపోయి, కొందరు తెలియక, కొందరు కావాలనే. అక్కడ ఒక్క పేరే ఉంటే ఇక్కడి కాగితంలో అదే ఇంటిపేరు వరుసలోకి ఎక్కుతుంది. సొంత పేరు చోట ఖాళీ మిగులుతుంది. ఈ సంగతి మాలాంటివాళ్ళకి తెలియకపోతే ఎవరికి తెలుస్తుంది? ఇంతకుముందు ఇద్దరు ముగ్గురి కాగితాల్లో ఇదే చూసి, ఏం పర్లేదని ధైర్యం చెప్పినవాణ్ణి నేనే. ఆమె కాగితంలో మాత్రం అది దొంగతనంలా ఎందుకు కనపడింది?

పర్మిట్ కోసమే అడిగానని పొద్దున నాకు నేను చెప్పుకున్నాను. ఇప్పుడు ఇది రాస్తుంటే ఆ మాట నిలబడడం లేదు. మూడు నెలలుగా నాకు తేలని లెక్క ఒకటుంది. కాగితం వంకతో అది తేల్చుకుందామనుకున్నాను. ఆమె అది పట్టేసింది. పట్టేసినందుకు నాకు కోపం వచ్చింది.

"సరే, ఇంటిపేరు వదిలెయ్యండి. ఈ కోడేంటి? ఓపెన్ పర్మిట్ మీకెలా వచ్చింది?" అన్నాను కాగితం మీద వేలు పెట్టి.

ఆమె ఆ వేలు వైపు చూసి, తర్వాత నా మొహంలోకి చూసింది. "అది మీకు చెప్పబుద్ధి అయితలేదు. పైన మేడం అడిగితే మేడంకు చెప్త."

దాచేవాళ్ళే అలా మాట్లాడతారని అనుకున్నాను. దాచుకునే హక్కు అనేది ఒకటుంటుందని నాకు తోచలేదు. బ్రేక్‌లో టీ కూడా తాగకుండా కాగితాన్ని ఫోన్‌లో ఫోటో తీసుకున్నాను. పదకొండు గంటలకు కవరు పట్టుకుని పై అంతస్తుకు వెళ్ళాను.

మేనేజర్ శ్రద్ధగానే విన్నది. పేరు వరుసల గురించి, ఓపెన్ గురించి, కోడ్ గురించి చెప్పాను. ఆమెను అడిగితే మొహం చాటేసిందని కూడా చెప్పాను. అది అబద్ధం. ఆమె నా మొహంలోకే చూసి చెప్పింది.

"నువ్వు ఖాయంగా అంటున్నావా?" అంది మేనేజర్ ఇంగ్లీషులో.

"మావాళ్ళ కాగితాలు నాకు తెలుసు," అన్నాను.

ఆ ఒక్క మాట పనిచేసింది. నేను తెలుగువాణ్ణి, ఆమె తెలుగు మనిషి. నాకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుందని ఆవిడ అనుకుని ఉంటుంది. కాగితం సంగతి తేలేదాకా ఆమెను ఇంటికి పంపమంది. ప్రొబేషన్ ఫైల్లో ఏదో రాసుకుంది. పెన్ను కదలడం చూస్తూ నేను ఎంత తృప్తిగా నిలబడ్డానో చెప్పడానికి సిగ్గుగా ఉంది.

పదకొండున్నరకు ఆమెను పిలిచి చెప్పారు. ఆమె ఏప్రాన్ విప్పి, మడిచి, బల్ల మీద పెట్టి, కోటు వేసుకుని వెళ్ళిపోయింది. నా వైపు చూడలేదు.

పన్నెండింటికి భోజనాలు. నాకెదురుగా కడప ఆయన కూర్చున్నాడు. మా బల్ల చుట్టూ మిగతా తెలుగువాళ్ళు, ఇద్దరు గుజరాతీలు, ఒక ఫిలిప్పీన్స్ ఆవిడ.

"ఏమప్పా డాక్టరూ, ఆయమ్మను యాడికి పంపిస్తివి?" అన్నాడు కడప ఆయన.

"ఆవిడ కాగితం తేడాగా ఉంది."

"తేడా అంటే? రోగమేందో చెప్పకుండా చీటీ రాస్తే ఎట్లా!"

అందరూ నవ్వారు. నవ్వితే నాకు ఉషారొచ్చింది. ఫోన్ తీశాను. ఫోటో పెద్దది చేసి, ఆ అక్షరం, ఆ రెండంకెలు పైకి చదివాను. "ఈ కోడ్ మీలో ఎవరైనా చూశారా? నేను ఇన్నేళ్ళలో చూళ్ళేదు," అన్నాను.

"చూడాల్సిన పనేముండాదప్పా, ఫోన్లో కొడితే అదే చెప్తాది," అని కడప ఆయన టైపు చేశాడు. ఇంగ్లీషులో ఉన్నదాన్ని తెలుగులో చెప్తూ పోయాడు, హాస్యంగానే మొదలుపెట్టాడు. "ఇదిగో... ఓపెన్ పర్మిటే... ఎవరికిస్తారంటే... యజమాని కింద హింస పడినోళ్ళకి..." అక్కడ గొంతు తగ్గింది. "కొట్టినా, బెదిరించినా, వేధించినా... ఆ యజమానిని ఇడిసిపెట్టి వేరేచోట బతికేదానికి." ఫోన్ బల్ల మీద బోర్లా పెట్టాడు. "అప్పా, ఇది దొంగ కాయితం కాదప్పా."

ఎవరో అటు చూడమన్నట్టు నా మోచెయ్యి తాకారు. ఆమె ఫ్రిజ్ దగ్గర నిలబడి ఉంది. బస్సుకి ఇంకా టైముందని, మరిచిపోయిన అన్నం డబ్బా కోసం వెనక్కి వచ్చింది. ఎప్పుడు వచ్చిందో తెలియదు. డబ్బా చేతిలోకి తీసుకుని, మూత సరిగ్గా బిగిసిందో లేదో చూసుకుని, మా బల్ల పక్కనుంచే వెళ్తూ ఆగింది.

"తెలిసిందా సార్, నా కోడేందో?"

పొద్దున్నదాకా అన్నని. ఇప్పుడు సార్‌ని. ఆమె డబ్బా పట్టుకుని వెళ్ళిపోయింది.

నేను అన్నం ముట్టకుండా లాకర్ల దగ్గరికి వెళ్ళి కూర్చున్నాను. ఆమె పర్మిట్ చూసినప్పుడు నన్ను నిజంగా గుచ్చింది ఇంటిపేరు కాదు, కోడ్ కాదు. ఓపెన్ అన్న ఆ ఒక్క మాట. ఈ దేశం వచ్చిన కొత్తలో మార్కమ్‌లో ఒక హోటల్ వంటింట్లో నాలుగేళ్ళు పనిచేశాను. నా పర్మిట్‌లో యజమాని అన్నచోట ఆ హోటల్ ఓనర్ పేరే ఉండేది. నా పాస్‌పోర్టు ఆయన సొరుగులో ఉండేది. ఒకసారి గరిటె విసిరితే చెవి పక్కనుంచి పోయింది. ఎవరికీ చెప్పలేదు. చెప్తే పర్మిట్ పోతుందని ఆయన అనేవాడు, నేను నమ్మేవాణ్ణి. ఆ నాలుగేళ్ళనీ తర్వాత అందరికీ గొప్పగా చెప్పుకున్నాను. ఓర్చుకున్నానని, ఓర్చుకున్నవాడే పైకొస్తాడని. ఆమె చేతిలో ఓపెన్ చూసినప్పుడు, నాకు దొరకనిది ఈమెకెలా దొరికిందన్న అక్కసు లోపల కదిలింది. దానికి అనుమానం అని పేరు పెట్టుకున్నాను.

నేను చూడని కోడ్ అది. నాలాంటివాడి కోసమే ఉన్న కోడ్ అది. ఆ నాలుగేళ్ళలో నాకెవరైనా చెప్పి ఉంటే అడిగేవాణ్ణా? సిగ్గుతో అడిగి ఉండననే అనుకుంటున్నాను. ఆమె అడిగింది. జరిగింది కాగితం మీద రాసి ఇచ్చింది, ఎవరో పరాయి ఆఫీసరు దాన్ని నమ్మి ముద్ర వేశాడు. నమ్మనిది ఆమె భాష మాట్లాడే నేను.

పన్నెండున్నరకు మళ్ళీ పై అంతస్తుకు వెళ్ళాను. మేనేజర్ అప్పటికే ఆ కోడ్ సంగతి తెలుసుకుంది. నేను కూర్చోకముందే అంది: "నీకు తెలియనిది నకిలీ అయిపోదు."

భోజనాల గదిలో ఏం చేశానో కూడా చెప్పాను. అది ఆవిడకు ఇంకా తెలియదు. చెప్పకపోతే తెలిసేది కాదేమో. విని ఆవిడ ఫైలు తెరిచింది. తర్వాత ఒక తెల్ల కాగితం నా ముందుకు తోసింది. "నువ్వు నోటితో చెప్పింది ఆమె ఫైల్లో నేను రాశాను. అది కొట్టెయ్యాలంటే ఆధారం కావాలి. రాసివ్వు."

అపార్థం జరిగింది అని మొదలుపెట్టాను. ఆవిడ తలకిందులుగానే చదివి, పెన్నుతో ఆ ముక్క కొట్టేసింది. "అపార్థానికి ఇద్దరు కావాలి. ఆమె ఏం చేసింది?"

రెండోసారి రాశాను. ఆమె పర్మిట్ అసలైనది. నేను చదవకూడని కాగితం చదివాను. చదివింది అర్థం కాకపోయినా అర్థమైందన్నాను. ఆమె మొహం చాటేసిందని అబద్ధం చెప్పాను. ఆమె సొంత విషయాన్ని పదిమందిలో బయటపెట్టాను. ఆమె పనిలో మూడు నెలలుగా ఏ లోపమూ లేదు. కింద సంతకం పెట్టి తేదీ వేశాను. నా మీద చర్య ఏమిటన్నది తర్వాత చెప్తామంది మేనేజర్. సరేనన్నాను.

రెండింటికి ఇచ్చే బ్రేక్‌లో అదే గదికి వెళ్ళి, అదే బల్ల దగ్గర నిలబడ్డాను. "ఇందాక నేను అన్నది తప్పు. ఆవిడ కాగితం అసలైనది. ఆవిడ ఏ తప్పూ చెయ్యలేదు, తప్పు చేసింది నేను. మీరు విన్నది దయచేసి ఈ గది దాటనివ్వకండి," అని తెలుగులో ఒకసారి, ఇంగ్లీషులో ఒకసారి చెప్పాను.

కడప ఆయన నవ్వలేదు. "మేం చెప్పంలే సామీ. మొదలు నువ్వు గమ్మునుండు, చాలు," అన్నాడు. తర్వాత తన మీద కూడా తనకే కోపం వచ్చినట్టు, "ఆ ఫోన్లో కొట్టింది నేను గదా," అని లేచి వెళ్ళిపోయాడు.

ఆమె ఇంటికి వెళ్ళి క్షమాపణ అడుగుదామనిపించింది. అడ్రసు నాకు తెలుసు, లీడ్‌ని కదా. కానీ ఒక యజమాని నుంచి పారిపోయి వచ్చిన మనిషి తలుపు ముందు, ఇంకో పై అధికారి చెప్పకుండా వెళ్ళి నిలబడితే ఆమెకు ఎలా ఉంటుంది? నా మనసు తేలికపడడం కోసం ఆమెను ఇంకోసారి భయపెట్టడమే అవుతుంది. వెళ్ళలేదు. ఫోన్‌లో మాట్లాడే వీలుంటుందా అని మేనేజర్‌నే అడిగాను. ఆవిడ ఫోన్ చేసి, ఆమె సరేనన్నాకే స్పీకర్ పెట్టింది. కాగితం సంగతి తేలిపోయిందని, రేపు పొద్దున షిఫ్ట్‌కి రమ్మని, శుక్రవారం అనుకున్నది అనుకున్నట్టే జరుగుతుందని ముందు ఆవిడే చెప్పింది. అవతల నుంచి థాంక్స్ మేడం అన్న మాట.

నేను తెలుగులో మొదలుపెట్టాను. "అమ్మా, నేను చేసింది..."

"క్షమించమని అడగొద్దు సార్. మీరు లీడ్. మీరడిగితే నేను సరే అనాలె. మనసుల లేకపోయినా అనాలె. ఆ పని నాతోని చేపియ్యకుండ్రి."

ఆ మాట అక్కడితో వదిలి ఆమే అడిగింది.

"నా కాగితం ఫోటో మీ ఫోన్ల ఉన్నదా?"

"ఉంది."

"తీసెయ్యండి."

తీసేశాను. తీసేశానని చెప్పాను. "మీరు చెప్తున్నరు, నేను చూస్తలేను," అంది. మేనేజర్‌కి ఫోన్ చూపించి, ఆవిడ చేత ఇంగ్లీషులో ఆ మాట చెప్పించాను. ఆమె నమ్మిందో లేదో తెలియదు. నమ్మాలని నేను అడగలేను.

"ఇంకోటి సార్. ప్రొబేషన్ కాగితం మీద మీ సంతకం ఉంటదంట కదా. అది ఉండొద్దు. మీరు మంచిగ రాసినా నాకొద్దు. రేపు ఎవలన్న చూసి, తప్పు చేసిండు కాబట్టి మంచిగ రాసిండు అంటరు. నా పని చూసి రాసేటోళ్ళు రాయాలె." కొంచెం ఆగి అంది: "మేడంతోని చెప్పండి, నన్ను మధ్యాహ్నం షిఫ్ట్‌ల వెయ్యమని. మీ ముందట కూసొని పని చేసుడు నాతోని కాదు."

మూడున్నరకు మొదలయ్యే మధ్యాహ్నం షిఫ్ట్ అర్ధరాత్రి వదిలేసరికి ఆమె ఉండే వైపు బస్సులుండవు. అది ఆమెకూ తెలుసు. అయినా అడిగింది. ఆమె మాట మేనేజర్‌కి ఇంగ్లీషులో ఉన్నదున్నట్టు చెప్పి, నా మాట కలిపాను. "ఆమె మారనక్కర్లేదు. నన్ను మార్చండి." ఫోన్‌లో ఆమెకి కూడా అదే చెప్పాను. ఆమె వద్దని అనలేదు.

ఫోన్ పెట్టేశాక మేనేజర్ మధ్యాహ్నం షిఫ్ట్ లీడ్‌ని పిలిచింది. అతను ఫిలిప్పీన్స్ అతను, పిల్లల్ని బడి నుంచి తెచ్చుకునే టైము దొరుకుతుందని వెంటనే ఒప్పుకున్నాడు. ఎందుకు మారుతున్నావని అడిగాడు. ఆమె విషయం చెప్పకుండా, నా విషయం మాత్రం చెప్పాను. లైన్ మీద ఒకరి కాగితాలు చదివి వాళ్ళ మీద లేనిపోనివి చెప్పానని. అతను నన్ను పైనుంచి కిందికి చూశాడు. "నా వాళ్ళతో అలా చెయ్యకు," అన్నాడు. ఇక నా వైపు కూడా అనుమానంగా చూసేవాళ్ళుంటారు. ఉండాలి.

ఆమె ప్రొబేషన్ కాగితం అతని చేతికే వెళ్ళింది. నిన్నటిదాకా నేను నింపిన వరుసలు తీసేసి, ఖాళీ ఫారం ఇచ్చారు. రేపు, ఎల్లుండి, శుక్రవారం పొద్దున అతనే ఆమె బల్ల దగ్గర ఉండి, చూసినది రాస్తాడు. పర్మిట్ కాపీలు ఇకమీదట లీడ్‌ల చేతికి రాకుండా, ఎవరివి వాళ్ళే పై అంతస్తులో ఇచ్చేలా మార్చమని అడిగాను. మేనేజర్ సరేనంది. షిఫ్ట్ మార్పు ఫారం నింపి సంతకం చేశాను.

రేపు నేను వెళ్ళేది మూడున్నరకు. అదే టైముకి ఆమె బయటికి వస్తుంది. ముందు గేటు దగ్గర ఎదురుపడకుండా, లారీలు ఆగే వెనుక తలుపు గుండా లోపలికి రావడానికి ఒప్పుకుంటారా అని అడిగి, ఆ తాళం కార్డు తీసుకుని ఇంటికి వచ్చాను.